బోద గడ్డి కూపులో ఆ మంగళవారం

అడవి ఉద్యోగంలో కొత్తగా చేరిన పిల్లలు ఇద్దరు ముగ్గురు అప్పుడప్పుడు తిరుపతిలో మా ఇంటికి వచ్చి కూర్చుంటారు. కాఫీ తాగడం అయ్యాక వాళ్లు అడిగే మొదటి ప్రశ్న ఎప్పుడూ ఒకటే. "సార్, మీరు ఎప్పుడైనా బాగా భయపడ్డారా?" ఎలుగుబంటి కథ చెబుతానని వాళ్ల ఆశ. ఎలుగుబంటి కథ నా దగ్గర ఉంది. ఎర్రచందనం దుంగల బండికి అడ్డం నిలబడిన కథ కూడా ఉంది. ఏదో ఒకటి చెప్పి పంపించేస్తాను. నిజంగా భయపడిన రోజు సంగతి మాత్రం ఇన్నేళ్లూ నోరు విప్పి చెప్పలేదు. ఆ రోజు అగ్గిపుల్ల గీసింది నేనే కాబట్టి చెప్పలేదు. ఇప్పుడు రాస్తున్నాను. ఉద్యోగంలో ఉన్నవాళ్లు చదివితే మంచిది.

డెబ్బైల చివరి మాట. నాకు అప్పటికి ఇరవై ఆరేళ్లు. మాది గూడూరు. నాయన నిమ్మకాయల మండీలో గుమాస్తా. చెట్టు అంటే నాకు తెలిసింది నిమ్మచెట్టే. ట్రైనింగు ముగించుకుని ఫారెస్టరుగా వచ్చి పడ్డది తిరుపతికి పడమటి కొండల్లో, భాకరాపేట కనుమ దాటాక లోపలికి ఉండే ఒక సెక్షనులో. రెండు గదుల క్వార్టరు, ఒక సైకిలు, నా కింద ఒక గార్డు. ఎండాకాలం వస్తే మంటలు చూసుకోవడానికి ఇద్దరు వాచర్లను ఇచ్చేవాళ్లు.

ఆ రోజుల్లో వంటచెరకు కోసం అడవిని వంతులవారీగా నరికేవాళ్లం. కొండ కింది అడవిని భాగాలు చేసి ఏటా ఒక్క భాగంలోనే గొడ్డలి పెట్టనిచ్చేవాళ్లం. ఆ భాగాన్ని కూపు అంటారు. విత్తనానికి పనికొచ్చే మంచి మాన్లకు గుర్తు వేసి వదిలేసి, మిగతావి నేలమట్టానికి నున్నగా నరికితే, ఆ మొద్దుల నుంచే పిలకలు లేస్తాయి. వాటిని కాపాడుకుంటే మనవళ్ల నాటికి అదే మళ్లీ అడవి. ఈ పద్ధతి మీద నాకు పిచ్చి నమ్మకం. ఇప్పటికీ ఉంది.

అయితే నరికిన చోట ఎండ నేల దాకా పడుతుంది. పిలకల కంటే ముందు గడ్డి లేస్తుంది. అక్కడ దాన్ని బోద అంటారు. నడుము దాటి పెరుగుతుంది, ఎండితే బంగారం రంగుకు వస్తుంది. కొండ కింది పల్లెల్లో ఇళ్లన్నీ బోద కప్పినవే. వానలకు ముందు పాత కప్పు తీసేసి కొత్త బోద వేసుకోకపోతే ఆ ఏడాది ఇంట్లోనే తడవాలి. అందుకని ఆడవాళ్లు కొడవళ్లు పట్టుకుని కూపులోకి వచ్చేవాళ్లు. నాకు ముందున్న ఫారెస్టరు చూసీ చూడనట్టు పోయేవాడట.

నేను అలా పోలేకపోయాను. చేరిన మొదటి శీతాకాలం ఒక మోపు విప్పించి చూస్తే బోదతో పాటు జాలారి, బిల్లు చెట్ల పిలకలు గుప్పెడు కనిపించాయి. కొడవలి ఊపులో ఏది గడ్డో ఏది పిలకో ఎవరు చూస్తారు? నాకు కడుపు మండింది. ఆ రోజే నాలుగు కొడవళ్లు లాక్కున్నాను. కూపులోకి ఎవరూ అడుగు పెట్టకూడదని చాటింపు వేయించాను. గడ్డి కోస్తే కేసు, మోపు దొరికితే కేసు.

నా గార్డు ఆ ఊరి మనిషే. రిటైరుమెంటుకు దగ్గర పడ్డవాడు. సన్నగా, కాటుక రంగులో, ఎప్పుడూ మోకాళ్ల దాకా ఖాకీ నిక్కరు. నాతో వాదించేవాడు కాదు. ఆ సాయంత్రం మాత్రం సైకిలు తోసుకుంటూ పక్కన నడుస్తూ అన్నాడు.

"సార్, బోద కోసుకోనియ్యండి. పిలకల మీద కొడవలి పడకుండా నేను దగ్గరుండి సూసుకుంటా."

"నువ్వు ఎంతమందిని చూస్తావు?"

"వరసలు పెట్టి కోపిస్తా సార్. అట్టనే నిలబెడితే ఎండాకాలానికి అది గడ్డి కాదు, కిరసనాయిలు."

"ఫైర్ లైన్లు ఉన్నాయి కదా" అన్నాను నేను.

ఫైర్ లైన్లంటే మంట దాటకుండా కూపు చుట్టూ గీకి శుభ్రం చేసే బాటలు. ట్రైనింగులో వాటి వెడల్పు ఎంత ఉండాలో కంఠతా పట్టాను. రెండేళ్ల బోద నిలబడి ఉంటే ఆ వెడల్పు ఏ మూలకూ రాదని ఎవరూ చెప్పలేదు. చెప్పిన ఒక్కడి మాట నేను వినలేదు.

రెండో ఏడాది వేసవి వచ్చేసరికి కూపు ఎలా ఉందంటే, లోపలికి నడిస్తే మనిషి తల కూడా కనిపించదు. గాలి వీస్తే గడ్డి అంతా ఒక్కసారి వాలి లేచేది. చూసి గర్వపడ్డాను. పిలకలు బాగా వచ్చాయని రేంజరు గారు కూడా మెచ్చుకున్నారు.

ప్రతి మంగళవారం పొద్దున బస్సెక్కి నేను రేంజి ఆఫీసుకు వెళ్లేవాణ్ణి. సాయంత్రానికి గానీ తిరిగి వచ్చేది లేదు. ఊరంతటికీ ఆ సంగతి తెలుసు. ఆ మంగళవారం రోడ్డు మీద గంటన్నర నిలబడ్డా బస్సు రాలేదు. ఎక్కడో చెడిపోయిందన్నారు. విసుక్కుంటూ క్వార్టరుకు తిరిగొచ్చి చొక్కా విప్పి కూర్చున్నాను.

పన్నెండు దాటిందేమో. మొదట కాకులు కనిపించాయి. కొండ వైపు నుంచి గుంపుగా, అరుపుల్లేకుండా వస్తున్నాయి. తల ఎత్తి చూస్తే కూపుకు పడమట, కొండ మొదట్లో, పొగ. తెల్లటి పొగ కాదు. కింద పసుపు, పైన నలుపు.

చొక్కా వేసుకున్నానో లేదో గుర్తులేదు. దారిలో ఇద్దరు వాచర్లు కలిశారు. ముగ్గురం పరుగున కూపుకు తూర్పున ఉన్న బండ్లబాట దగ్గరికి చేరాం. గార్డు కనిపించలేదు. ఆ పొద్దు అతను కొండ మీద కాపలా తిరగాలి, మంటకు అవతల ఉండి ఉంటాడనుకున్నాను.

మీరు ఎండుగడ్డి మంట దగ్గరగా విన్నారా? చూడటం కాదు, వినడం. రైలు వంతెన కింద నిలబడితే పైన బండి పోతున్నట్టు ఉంటుంది. మధ్యలో వెదురు కణుపులు పేలుతుంటాయి. పడమటి గాలి దాన్ని తిన్నగా మా వైపు తోస్తోంది. ఫైర్ లైనును అది దాటిందని కూడా అనలేను, అక్కడొక లైను ఉన్నట్టే దానికి తెలియలేదు. మా వెనక, బండ్లబాటకు ఇవతల, ముదురు అడవి. దాని అంచున పల్లె. బోద కప్పిన ఇళ్లు ముప్పయి ఉంటాయి.

వేపమండలతో కొట్టి ఆర్పే మంట కాదు అది. చేయగలిగింది ఒక్కటే. వచ్చే మంటకు ఎదురు మంట పెట్టాలి. బండ్లబాట అంచున మనమే అంటిస్తే, అది కూపులోకి పాకుతూ పోయి పెద్దమంటకు ఎదురవుతుంది. రెంటికీ మధ్య తినడానికి ఏమీ మిగలక రెండూ చల్లారుతాయి. పుస్తకంలో చదివాను. చేసింది ఎప్పుడూ లేదు.

"అంటించండి" అన్నాను.

వాచరు ఒకడు అనుమానంగా చూశాడు. "గార్డయ్యను రానిద్దామా సార్?"

"వచ్చేలోగా పల్లె పోతుంది" అని నేనే ముందు అగ్గిపుల్ల గీశాను. ఒక గడ్డి పిడికిలి అంటించి, బాట పొడుగునా వంగి పరిగెత్తుతూ అంటించుకుంటూ పోయాను. వాచర్లు అటువైపు నుంచి అంటించారు. ఐదు నిమిషాల్లో బాట అంచంతా నిప్పు గోడ. మొదట గాలికి తటపటాయించింది. తర్వాత లోపలి పెద్దమంట దాన్ని లాక్కుంటున్నట్టు, ఒక్కసారిగా అటువైపు తిరిగి కూపులోకి దూసుకుపోయింది. ఎత్తు పారింది, అనుకున్నాను. ఆ క్షణంలో నాకు కలిగింది సంతోషం. అబద్ధం రాయడం ఎందుకు, సంతోషమే.

అప్పుడు గార్డు వచ్చాడు. ఉత్తరం వైపు నీళ్లు లేని వంకలో పడి పరిగెత్తి వచ్చాడు. కాళ్లకు చెప్పుల్లేవు, ఒక మోకాలి నుంచి నెత్తురు కారుతోంది. మా మంటను చూసి నిలబడిపోయాడు. నేను భుజం పట్టుకుని కుదిపాను.

"ఎవురు పెట్టినారు సార్ దీన్ని?"

"నేనే. ఎదురు మంట."

"లోపల మనుసులుండారు సార్."

నాకు అర్థం కాలేదు. "ఎక్కడ లోపల?"

"కూపులోన. నలుగురు ఆడోళ్లు. బోదకు వచ్చినారు. మంగళారం మీరుండరని నేనే రమ్మన్యా. మా కోడలు గూడా ఉండాది సార్."

ఆ మాట తర్వాత నా చెవులకు మంట చప్పుడు ఆగిపోయింది. కళ్ల ముందు అది కదులుతూనే ఉంది, చప్పుడు మాత్రం లేదు. చేతిలో అగ్గిపెట్టె ఇంకా అలాగే ఉంది. చేయి విప్పాలంటే వేళ్లు రావడం లేదు. అవతల ఎవరి వల్లో పుట్టిన మంట, ఇవతల నా మంట, మధ్యలో నలుగురు.

గార్డు మంటలోకి నడవబోయాడు. నడవబోయాడు అంటున్నాను, నిజంగా అలాగే, ఇంట్లోకి పోతున్నట్టు నడిచాడు. ఇద్దరు వాచర్లతో కలిసి పట్టుకుని కింద పడేశాం. నా కంటే ఇరవై ఎనిమిది ముప్పయ్యేళ్లు పెద్ద మనిషి, చిన్నపిల్లవాడిలా నా చేయి పట్టుకుని "పిలసండి సార్, పిలసండి" అంటున్నాడు. అందరం కలిసి కేకలు వేశాం. అతను కోడలి పేరు పెట్టి పిలిచాడు. పిలిచిన ప్రతిసారీ ఒక వెదురు పేలి ఆ కేకను మింగేసేది.

దక్షిణం నుంచి పోదామని బండ్లబాట వెంట పరిగెత్తాం. అక్కడా పొగే. కళ్లు తెరవలేం. తిరిగి ఉత్తరానికి వచ్చాం. ఒక చోట పొగ సందులోంచి ఒక దుప్పి బయటికి దూకి మా మధ్యలోంచే పోయింది. దాని వీపు మీద వెంట్రుకలు రాజుకుంటున్నాయి. జంతువే ఇలా వస్తే మనుషులు ఎలా వస్తారు అనుకున్నాను. ఆ తర్వాత వేరే ఏదీ అనుకోలేదు. ఒక మాటే లోపల తిరిగింది. వాళ్లను నేను చంపాను.

రెండు మంటలూ కలిసినప్పుడు ఆకాశంలోకి ఒక స్తంభం లేచింది. పుస్తకంలో ఉన్నట్టే జరిగింది. పల్లె మిగిలింది. ముదురు అడవి మిగిలింది. కాసేపటికి మంట తగ్గి, నల్లటి నేల మీద మొద్దులు మాత్రం పొగలు కక్కుతూ కనిపించాయి. చల్లారే దాకా ఆగండని వాచరు అన్నాడు. గార్డు ఆగలేదు. నేనూ ఆగలేదు. తడిపిన గోనెపట్టాలు కాళ్లకు చుట్టుకుని దిగాం. అయినా అరికాళ్లు ఉడికిపోయాయి.

మొదట దొరికింది ఒక కొడవలి. పిడి కాలిపోయి ఇనుము మాత్రం ఉంది. గార్డు దాన్ని వంగి చూసి, ముట్టుకోకుండా లేచాడు. ఇంకొంచెం ముందుకు పోతే సద్ది తెచ్చుకున్న సత్తు గిన్నె, నలిగి వంకర పోయింది. దాని పక్కన ఇంకేం కనబడుతుందోనని నేను చూపు పక్కకు తిప్పుకున్నాను. ఆ పిరికితనం ఇప్పటికీ గుర్తుంది. గార్డే చూశాడు. "ఏం లే సార్" అన్నాడు.

అప్పుడు దగ్గు వినిపించింది.

కూపు నడిమధ్యలో ఒక చప్పటి బండ ఉంది. ఆ బండ చుట్టూ ఇంటి కళ్లం అంత మేర నేల నల్లబడలేదు. తెల్లగా, మొండి మొదళ్లతో ఉంది. వాళ్లు ఆ పొద్దూ, అంతకు ముందు రెండు మంగళవారాలూ బోద కోసుకున్న చోటు అది. నేను వద్దన్న కొడవళ్లు ఆడిన చోటు. ఆ ఖాళీలో నలుగురూ బోర్లా పడుకుని ఉన్నారు, ఒకరి మీద ఒకరు చేతులు వేసుకుని, నీళ్లబిందెలో తడిపిన చీర కొంగులు ముఖాలకు కప్పుకుని.

గార్డు కోడలే మొదట లేచింది. ఇరవై రెండేళ్లు ఉంటాయేమో. కనుబొమ్మలు కాలిపోయి ముఖం విచిత్రంగా ఉంది. మామను చూసి, "పెద్దమ్మను సూడు మామా, సెయ్యి పోయింది" అంది. కోసిన మోపులు ఆ ఖాళీలోనే పేర్చి ఉండటంతో, అవి అంటుకుంటే తామూ పోతామని అందరూ కలిసి వాటిని ఈడ్చి దూరంగా పారేశారట. చివరి మోపు అప్పటికే అంటుకుంది. వయసులో పెద్దామె ఒట్టి చేతులతో దాన్ని నెట్టింది. ఆమె కుడిచేయి మణికట్టు దాకా కాలిపోయింది, చూడలేకపోయాను.

మోపులు కట్టే తాళ్లతో మంచం లాంటిది అల్లి ఆమెను రోడ్డుకు మోశాం. తిరుపతి పెద్దాసుపత్రిలో ఎలా కాలిందని అడిగితే, నేను నోరు తెరిచేలోగా కోడలు చెప్పింది. "పొయ్యికాడ కాలింది సార్." డాక్టరు నా ఖాకీ ప్యాంటు మీద మసి చూశాడు. పొయ్యి అనే రాసుకున్నాడు. ఆ పెద్దామె బతికింది. కుడిచేతి వేళ్లు మాత్రం మళ్లీ ముడుచుకోలేదు. కొడవలి పట్టడం అంతటితో సరి.

నేను రిపోర్టు రాశాను. మంటకు కారణం తెలియలేదు, ఎదురు మంట పెట్టడం వల్ల పల్లె, అడవి దక్కాయి, ప్రాణనష్టం లేదు. ఒక్క అక్షరం అబద్ధం లేదు. నెల తిరక్కుండా నన్ను మెచ్చుకుంటూ పైనుంచి ఉత్తరం వచ్చింది. ఆ ఉత్తరం పట్టుకుని రేంజరు గారి దగ్గరికి పోయాను. ఆయన గొంతు పెద్దది, మనసు ఎటుందో ఎప్పుడూ తెలిసేది కాదు. తలుపు వేసి జరిగిందంతా చెప్పాను. ఆయన పెన్ను మూత తీశారు.

"రాయమంటే రాస్తాను. ముందు నీ గార్డు ఉద్యోగం పోతుంది. ఆడవాళ్ల మీద కేసు పడుతుంది, కూపులో దొరికారు కాబట్టి. ఆఖరున నీకు ఒక మెమో వస్తుంది. ఈ వరసలోనే జరుగుతుంది. చెప్పు, రాయమంటావా?"

నేను బల్ల మీది ఉత్తరం వైపు చూశాను. ఆయన ఉత్తరం నా వైపు తోసి, "అయితే పోయి గడ్డి సంగతి చూడు" అన్నారు.

గడ్డి సంగతి చూశాను. వచ్చే శీతాకాలం నుంచి బోద ఎండీ ఎండగానే పల్లెవాళ్ల చేత వరసలు పెట్టి కోయించాలని, పిలకల చుట్టూ జానెడు మేర వదిలేయాలని, శివరాత్రి లోపల గడ్డి అంతా బయటికి పోవాలని రాసి పంపాను. నా తెలివి అని రాసుకోలేదు, గార్డు సలహా అనే రాశాను. అనుమతి వచ్చింది. కాలిపోయిన కూపులో మొద్దులు చాలావరకు మళ్లీ చిగిర్చాయి. కొన్ని చిగిర్చలేదు.

ఇదంతా చేసినా నాకు నిద్ర సరిగా పట్టేది కాదు. కళ్లు మూస్తే పడమట పొగ, చేతిలో అగ్గిపెట్టె. అవతలి మంటే తమ మీదికి వచ్చిందని ఆ ఆడవాళ్లు అనుకుంటున్నారని, ఇవతలి మంట ఎవరిదో వాళ్లకు తెలియదని నా లెక్క. గార్డు కూడా ఆ మాట ఎత్తలేదు. చివరికి ఒక ఉదయం గార్డు ఇంటికి పోయాను. అతను లేని వేళ చూసుకునే పోయాను. కోడలు వాకిట్లో కొత్త బోదను చిన్న చిన్న కట్టలు కడుతోంది. కనుబొమ్మలు మళ్లీ వచ్చాయి. నన్ను చూసి లేచి నిలబడింది.

ఎలా మొదలు పెట్టాలో తెలియక నిలబడే చెప్పేశాను. "ఆ రోజు బండ్లబాట వైపు మంట దానంతట అది పుట్టింది కాదమ్మా. నేనే పెట్టాను. మీరు లోపల ఉన్నారని తెలియక పెట్టాను."

ఆమె మళ్లీ కూర్చుని కట్ట చేతిలోకి తీసుకుంది.

"తెలుసు సార్. సూసినాం."

"చూశారా?"

"బండ మీదికెక్కి సూస్తాంటిమి. మీరు వంగి పరిగెత్తుకుంటా అంటిస్తాండారు. మేం కేకలేసినాం. మీకు ఇనపల్యా."

వాళ్ల అరుగు మీద కూర్చుండిపోయాను. వాళ్లు పిలిచారు. నేను బాట పొడుగునా నిప్పు పెట్టుకుంటూ పోతుంటే, ఆ బండ మీద నిలబడి నలుగురూ నన్ను పిలిచారు.

"మరి ఇంతకాలం ఎవరికీ చెప్పలేదేం?"

"సెప్తే మేం యాడుండామో సెప్పాల గదా సార్. మామ ఉద్యోగం పోదా?" అంది. కట్ట ముడి బిగించింది. తర్వాత తల ఎత్తకుండానే అంది. "ఈ తూరి అగ్గి పెట్టేముందర ఒక కేకెయ్యండి సార్. ఏసి, రొంత ఆగండి. అంతే."

నేను సరేనన్నాను.

ఆ తర్వాత చాలా చోట్ల పనిచేశాను. ఏటా ఎండలు ముదరకముందే ఫైర్ లైన్లలో గడ్డి కాల్పించడం మా పనిలో భాగం. ప్రతిసారీ నిప్పు పెట్టేముందు గట్టిగా "ఎవరైనా ఉన్నారా?" అని కేక వేసేవాణ్ణి. చుట్టూ పొదలు కూడా లేని చోట వేసినా సరే. కింది సిబ్బంది మొహాలు పక్కకు తిప్పుకుని నవ్వుకునేవాళ్లు, కేకల సారు అని పేరు కూడా పెట్టారు. నవ్వనిచ్చాను. కేక వేసి, చేయి ఎత్తి అందర్నీ ఆపి, వినేవాణ్ణి. జవాబు రాకపోయినా ఇంకాసేపు అలాగే నిలబడేవాణ్ణి.